మంత్రి కాని మాస్టారు

మా వరండాలో చలికి బిగుసుకుపోతున్న ముసలావిడను లోపలికి ఎందుకు పిలవడం లేదని అడగడానికి ఆయన మొదటిసారి మా తలుపు తట్టారు.

జూన్ రెండో ఆదివారం, సాయంత్రం అయిదున్నర. ఈ దక్షిణార్ధగోళపు దేశంలో జూన్ అంటే నడి చలికాలం; మేముండే గంగాలిన్‌లో ఆ వారమంతా తెల్లవారేసరికి పచ్చిక తెల్లగా గడ్డకట్టి ఉంటోంది. వరండాలో ఉన్నది ముసలావిడ కాదు, మా కరివేపాకు మొక్క. కుండీతో సహా దానికి పాత వెంకటగిరి చీర చుట్టి, పైన దుప్పటి కప్పి, కొమ్మలు విరగకుండా మా ఆయన మఫ్లరు బిగించాను. మసక చీకట్లో చూసినవాళ్ళకు అది మూలకు ఒదిగి కూర్చున్న మనిషిలాగే ఉంటుంది. సంగతి చెప్పగానే ఆ పెద్దాయన టోపీ తీసి మొక్కకు క్షమాపణ చెప్పుకున్నారు.

"అడిగినందుకు ఏమీ అనుకోకండి. ముప్పై నాలుగేళ్ళు అడగడమే నా ఉద్యోగం," అన్నారు. ఆయన మాట్లాడింది ఇంగ్లీషు, అందులోనూ ఉత్తర ఇంగ్లండు యాస. ఇక్కడ నేను రాస్తున్నది దానికి నా తెలుగు.

ఆయన వెళ్ళాక మా ఆయన గదిలోంచి తొంగిచూసి, "అడగడమే ఉద్యోగమంటే ఇన్‌కమ్ టాక్స్ వాడై ఉంటాడోయ్. కాస్త నోరు జారకు," అన్నారు.

నా డైరీలో ఆ తేదీ కింద "వెనక వీధి పెద్దాయన, ఎనభై దాటాయి, కరివేపాకు" అని మాత్రమే ఉంది. బ్రిటిష్ పార్లమెంటు దిగువ సభలో ఆయన ముప్పై నాలుగేళ్ళు సభ్యుడన్న సంగతి నాకు తెలిసింది ఆగస్టులో, అదీ ఆయన కూతురి ద్వారా. రైల్వే సిగ్నల్ క్యాబిన్‌లో పనిచేసిన తండ్రికి కొడుకు. మిల్లు ఊళ్ళో, ఊరి బడిలోనే లెక్కల మాస్టారు. ముప్పై ఆరో ఏట మొదటిసారి గెలిచారు. ఎనిమిది ఎన్నికల్లో నిలబడ్డారు, ఎనిమిదీ గెలిచారు. వాటిలో ఒకటి మూడుసార్లు ఓట్లు లెక్కపెడితేగాని తేలలేదు. డెబ్బయ్యో ఏట తనంతట తానే తప్పుకున్నారు. భార్య పోయాక ఇక్కడ యూనివర్సిటీలో పనిచేసే కూతురి దగ్గరికి వచ్చేశారు.

పేరు పెట్టి పిలవమన్నారు. అంత వయసు మనిషిని పేరు పెట్టి పిలవడం నా నోటికి రాదు. అంకుల్ అంటే ఆయనకు నచ్చలేదు, తనకు మేనకోడళ్ళు సరిపడా ఉన్నారన్నారు. లెక్కలు చెప్పినవారు కదా అని మాస్టారూ అన్నాను. అర్థం అడిగి తెలుసుకుని, ఇంతకాలానికి తనకు సరిపడే పిలుపు దొరికిందన్నారు.

గంగాలిన్ బజారులో, లైట్ రైల్ చివరి స్టేషనుకు ఎదురుగా ఒక కేఫ్ ఉంది. మాస్టారు ప్రతి శనివారం పదింటికి అక్కడ కిటికీ పక్క బల్ల దగ్గర కూర్చుంటారు, పన్నెండింటికి లేస్తారు. ఎదుటి కుర్చీ ఖాళీగా ఉంచుతారు. తన నియోజకవర్గంలో కూడా శనివారం పొద్దుట లైబ్రరీ వెనక గదిలో అలాగే కూర్చునేవారట. ముందుగా చెప్పనక్కరలేదు, ఎవరైనా వచ్చి ఎదుటి కుర్చీలో కూర్చోవచ్చు. ఇంటికప్పు కారుతోందనీ, పింఛను ఆగిపోయిందనీ వచ్చేవారట. మొగుడు ఆరు నెలలుగా మాట్లాడటం లేదని వచ్చిన ఆవిడ కూడా ఉందట. ఇక్కడ మాస్టారికి నియోజకవర్గం లేదు, అధికారం లేదు, ఓటు కూడా లేదు. అయినా కూర్చుంటారు. "ఎవరైనా వస్తున్నారా?" అని కాఫీ తెచ్చిన అమ్మాయి అడిగితే "వస్తారు" అంటారు. ఎవరన్నది మాత్రం ఆయనకూ తెలియదు.

మరుసటి ఫిబ్రవరిలో ఆ కుర్చీలో నేను కూర్చోవలసి వచ్చింది.

మా తెలుగు సంఘానికి అప్పట్లో నేను కార్యదర్శిని. ఆదివారం పొద్దుటి తెలుగు బడి కూడా నేనే నడుపుతాను. తొమ్మిదేళ్ళ కిందట మా గరాజులో నలుగురు పిల్లలతో మొదలైంది. తరవాత ఒక బడిలో గది దొరికింది, అది పోయింది. అది పోయిన ఏడాది నాకు బాగా గుర్తు, ఎందుకంటే పాత గదిలో ముప్పై ఒక్కమంది పిల్లలుంటే కొత్త చోటికి, ఒక కమ్యూనిటీ హాలుకు, వచ్చింది పన్నెండు మంది. మిగతావాళ్ళు ఈతకూ, టెన్నిస్‌కూ వెళ్ళిపోయారు, మళ్ళీ రాలేదు. ఆ పన్నెండును ఇరవై ఆరు చెయ్యడానికి నాకు నాలుగేళ్ళు పట్టింది. "నీ పేరేమిటి?" అంటే అర్థమై, "మై నేమ్ ఈజ్" అని జవాబు చెప్పే పిల్లలు. వాళ్ళచేత "నా పేరు" అనిపించడానికి ఒక టర్మ్, అంటే పది వారాలు, పడుతుంది. ఇప్పుడు ఆ కమ్యూనిటీ హాలు నడిపేవాళ్ళు ఈమెయిల్ పంపారు: మూడో టర్మ్ నుంచి, అంటే జూలై నుంచి, ఆదివారం ఉదయం ఆ గది మీకు ఉండదు, అర్థం చేసుకున్నందుకు కృతజ్ఞతలు.

నేను అర్థం చేసుకోలేదు. మళ్ళీ పన్నెండు దగ్గరికి వెళ్ళే ఓపిక నాకు లేదు, ఉన్నా వెళ్ళదలచుకోలేదు.

మాస్టారు అంతా విన్నారు. "ఎవరు నిర్ణయించారు?" అని అడిగారు.

"హాలు నిర్వాహకులు."

"నిర్వాహకులంటే? వాళ్ళకు ముక్కూ మొహమూ ఉంటాయి కదా. వాళ్ళలో ఎవరు?"

నాకు తెలియదు. ప్రభుత్వ శాఖలో ఆడిట్ చేసే మనిషిని, ఎదుటివాళ్ళ కాగితం మీద సంతకం ఎవరిదని రోజూ అడిగేదాన్ని, నా విషయంలో అడగలేదు.

"మీరేమని జవాబిచ్చారు?"

ఫోను తీసి నా జవాబు చూపించాను. ఆయన చదివి కళ్ళజోడు బల్ల మీద పెట్టారు.

"వాళ్ళు మిమ్మల్ని బయటికి పొమ్మన్నారు. మీరు నాలుగుసార్లు థాంక్స్ చెప్పారు."

లెక్కపెట్టాను. నాలుగే.

"చెయ్యని పనికి కృతజ్ఞత చెప్పకూడదు. చేశాక చెప్పవచ్చు, అప్పటికేమీ ఆలస్యం కాదు. ప్రశ్న ఒక్కటే ఉండాలి. దానికి అవుననో కాదనో తప్ప జవాబు ఉండకూడదు. తేదీ అడగాలి."

"జవాబు రాకపోతే?"

"మళ్ళీ అదే ప్రశ్న. మాటలు కూడా మార్చకండి. మారిస్తే వాళ్ళు మార్చిన మాటకు జవాబిచ్చి తప్పించుకుంటారు."

అప్పుడు వంతెన సంగతి చెప్పారు. ఆయన ఊళ్ళో రైలు పట్టాలకు అటు మిల్లూ బడీ, ఇటు ఇళ్ళు. పట్టాలు దాటుతూ ఒక బడిపిల్ల కాలు పోగొట్టుకుంది. ఆ పిల్లకు లెక్కలు చెప్పింది ఈయనే. మనుషులు నడిచి దాటే వంతెన ఎప్పుడు కడతారని సభలో అడిగారు. పరిశీలనలో ఉందన్నారు. మరుసటి సమావేశంలో మళ్ళీ అడిగారు. అలా పదకొండేళ్ళు. మంత్రులు ఆరుగురు మారారు, ప్రశ్న మారలేదు. ఒక మంత్రి సభ బయటి నడవాలో పట్టుకుని, "నీకు వేరే పనేమీ లేదా?" అన్నాడట. "ఉంది, వంతెన అవగానే మొదలుపెడతాను," అన్నారట ఈయన.

"కట్టారా?"

"నేను దాని మీద నడిచాను," అన్నారు మాస్టారు.

ఆ శనివారం ఇంటికి వచ్చి రెండు వాక్యాల ఈమెయిల్ రాశాను. ఈ నిర్ణయం ఎవరిది? మూడో టర్మ్‌లో ఆదివారం ఉదయం ఆ గది మాదా, కాదా, ఏ తేదీలోగా చెబుతారు? చదివి చూసుకుంటే అందులో రెండు ప్రశ్నలున్నాయి. మొదటిది కొట్టేసి ఒకటి చేశాను. మా ఆయన నా భుజం మీదుగా చూసి, "గవర్నమెంటు ఉద్యోగివి, గవర్నమెంటుతో తగువా?" అన్నారు. మా శాఖకూ ఆ హాలుకూ సంబంధం లేదనీ, ఆదివారం నేను ఎవరి ఉద్యోగినీ కాననీ చెప్పాను. "అయితే టీ పెట్టుకొస్తా, కానీ," అన్నారాయన. అదే ఈమెయిల్ ప్రతి సోమవారం పంపాను. జవాబు రాలేదు.

మా సంఘం పద్ధతి వేరు. అధ్యక్షుడు నిజామాబాద్ వాడు, ఐటీ కాంట్రాక్టర్, నాకన్నా ఎనిమిదేళ్ళు చిన్న. మంచివాడు, కుర్చీలు మోయవలసి వస్తే ముందు తనే మోస్తాడు. మార్చి మొదటి వారం కమిటీ సమావేశంలో గది మాట ఎత్తగానే నవ్వాడు.

"అక్కా, మీరు టెన్షన్ తీసుకోకుండ్రి. మన ఏరియా ఎమ్మెల్యే ఉన్నడు గద, ఆ లోకల్ మెంబర్‌ని ఉగాదికి పిలుద్దం. శాలువ కప్పుదం, మొమెంటో ఇద్దం, ఫోటో దిగుదం. భోజనాల కాడ నేను చిన్నగ రూమ్ ముచ్చట తీస్త. ఆయన ఒక్క ఫోన్ కొడితే అయిపాయె."

"ఆయన ఇదివరకు రెండు ఉగాదులకు వచ్చాడు. రెండు శాలువాలు పట్టుకెళ్ళాడు."

"అప్పుడు మనం ఏం అడగలే గద!"

"పార్కింగ్ అడిగాం. తేదీ చెప్పనా?"

"వద్దక్కా. మీరు డేట్లు తీసిండ్రంటే ఇగ మీటింగ్ అయిపోయినట్టే."

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. కాని శాలువా ముందు కప్పి పని తరవాత అడిగే పద్ధతి మీద నాకు నమ్మకం పోయిందని, మాస్టారి గురించి చెప్పాను. అదే నేను చేసిన తప్పు. అధ్యక్షుడు కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు.

"బ్రిటిష్ పార్లమెంటా? థర్టీ ఫోర్ ఇయర్సా? అక్కా, గింత పెద్దమనిషిని బ్యాక్‌యార్డ్‌ల పెట్టుకుని ఇప్పుడు చెప్తున్నరా? ఆయనకు కూడ సన్మానం పెట్టేద్దం. లోకల్ మెంబర్ పక్కన కూసుంటే ఫుల్ వెయిట్ వస్తది!"

నాలుగు రోజుల్లో వాట్సాప్‌లో ఉగాది ప్రకటన వచ్చింది. మామిడాకుల తోరణం కింద రెండు ఫోటోలు. ఒకటి లోకల్ మెంబర్‌ది. రెండోది మాస్టారిది, దాని కింద "బ్రిటన్ మాజీ మంత్రివర్యులు" అని తెలుగులో, అదే మాట ఇంగ్లీషులో.

ఇందులో ఎవరూ అబద్ధం ఆడాలని ఆడలేదు. ముప్పై నాలుగేళ్ళు వరసగా గెలిచిన మనిషి మంత్రి కాకుండా మిగిలిపోతాడన్న ఊహ మావాళ్ళకు రాలేదు, అంతే. మా లెక్కలో పదవి లేని గెలుపు సగం గెలుపు. నేను అధ్యక్షుడికి ఫోను చేశాను.

"ఆయన మంత్రి కాదయ్యా."

"డిప్యూటీ మినిస్టరా?"

"ఏ మంత్రీ కాదు."

"అన్ని సార్లు గెలిచి ఒక్కసారి గూడ ఇయ్యలేదా? అరే పాపం! పోనీయక్కా, ఇప్పుడన్న మనం ఇద్దం. ఎవరు చెక్ చేస్తరు?"

"నేను."

"పదిహేను గ్రూపుల్ల ఫార్వర్డ్ అయింది. ఇప్పుడు మార్చితే పరువు పోతది. ప్లీజ్ అక్కా."

ఆ శనివారం మాస్టారికి ప్రకటన చూపించాను. "మా నాయకులు ఇవ్వనిది మీవాళ్ళు వాట్సాప్‌లో ఇచ్చారు," అని నవ్వారు. ఆ నవ్వు ఆగాక మాత్రం, దిద్దకపోతే తాను రానన్నారు.

ఆయన ఊళ్ళో చిన్న ఆసుపత్రి ఒకటి ఉండేదట. ప్రభుత్వం అలాంటివి కొన్ని మూసెయ్యాలని తీర్మానం తెచ్చింది. ప్రభుత్వం ఈయన పార్టీదే. అనుకూలంగా ఓటు వేస్తే, వచ్చే నెల సహాయమంత్రుల జాబితాలో పేరుంటుందని పార్టీ తరఫున ఓట్లు కూడగట్టే పెద్దమనిషి వచ్చి చెప్పాడు. ఈయన వ్యతిరేకంగా వేశారు. ఆసుపత్రి ఎలాగూ మూతపడింది. ఆ తరవాత పద్ధెనిమిదేళ్ళు మంత్రులు కానివాళ్ళు కూర్చునే వెనక బెంచీలోనే కూర్చున్నారు.

"గెలవడం ఓటర్లు చేసిన పని," అన్నారాయన. "మంత్రి కాకపోవడం నేను చేసిన పని. దాన్ని నా దగ్గర్నుంచి తీసుకోకండి."

ఆ పైవారం అంతా నేను ఆలోచించింది ఒక్కటే. సన్మానం అంటే మాకు సన్మాన పత్రం ఉంటుంది. శాలువా కప్పాక పైకి చదువుతారు, ఫ్రేము కట్టి చేతికిస్తారు. మా సంఘంలో అది రాసేది నేను. చదివేది నేను. పాత పత్రాల నమూనా నా కంప్యూటర్లోనే ఉంది. పేరు మారిస్తే చాలు, ఎవరైనా బహుముఖ ప్రజ్ఞాశాలీ, ప్రజాహృదయ విజేతా అయిపోతారు. నేను ఆ నమూనా తెరవలేదు. ఆయన జీవితం ఉన్నదున్నట్టు రాశాను. మాస్టారి దగ్గర ఇంగ్లీషులో ప్రతి వాక్యం చదివి సరిచూసుకున్నాను. ప్రకటన దిద్దించలేకపోయాననీ, వేదిక మీద దిద్దుతాననీ చెప్పాను. "సభలోనే దిద్దుతారా? మంచి పద్ధతి," అని ఒప్పుకున్నారు.

ఉగాది తరవాతి శనివారం, మార్చి నెలాఖరు. ఒక హైస్కూలు హాలు అద్దెకు తీసుకున్నాం. గుమ్మం దగ్గర కాగితం కప్పుల్లో పచ్చడి. వేపపువ్వు ఇండియా నుంచి ఎండబెట్టి తెచ్చింది, మామిడికాయ మాత్రం ఇక్కడి ఫిజీ ఇండియన్ల కొట్టుది. మా బడి పిల్లలు ఇరవై ఆరుగురూ వచ్చి పద్యం చెప్పారు, ఇద్దరు మధ్యలో మరిచిపోయారు. లోకల్ మెంబర్ నీలం కుర్తా వేసుకుని, నుదుటిన బొట్టుతో, చేతులు జోడించి, "నమస్కారం, హ్యాపీ ఉగాడీ" అన్నాడు. ఆయన ముందుగా పచ్చడి తిని మొహం చిట్లించి, మళ్ళీ సర్దుకుని, చాలా బాగుందన్నాడు. మాస్టారు మొహం చిట్లించడం దాచుకోలేదు. "ఇది నిజాయితీ ఉన్న వంటకం," అన్నారు.

వేదిక ఎక్కబోతుంటే అధ్యక్షుడు నా పక్కకు వచ్చి, "అక్కా, రూమ్ ముచ్చట స్టేజి మీద ఎత్తకుండ్రి. భోజనాల కాడ నేను చూస్కుంట. ఫ్లయర్ సంగతి గూడ లైట్ తీస్కోండ్రి," అన్నాడు.

"పత్రం మాత్రం చదువుతాను," అన్నాను.

లోకల్ మెంబర్‌కు శాలువా కప్పారు, చప్పట్లు. మాస్టారికి శాలువా కప్పారు. ఆయన చలికి కప్పుకున్నట్టు రెండు కొసలూ లాగి పట్టుకుని కూర్చున్నారు. నేను మైకు దగ్గర నిలబడ్డాను. ముందు తెలుగులో, ఆ వెంటనే ఇంగ్లీషులో, ఒక్కో పేరా చదివాను.

"అయ్యా, మా ప్రకటనలో మిమ్మల్ని మాజీ మంత్రి అన్నారు. మీరు మంత్రి కాలేదు. ఆ అవకాశం ఒకసారి మీ గుమ్మందాకా వచ్చింది. మీ ఊరి ఆసుపత్రి మూసివేతకు చెయ్యెత్తితే అది మీదయ్యేది. మీరు ఎత్తలేదు. ఆ తరవాత పద్ధెనిమిదేళ్ళు వెనక బెంచీలో కూర్చున్నందుకు ఈ సభ మీకు నమస్కరిస్తోంది."

ముందు వరసలో కమిటీవాళ్ళు ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. వెనక వరసల్లో ఎవరో ఒక్కరు చప్పట్లు కొట్టారు. తరవాత చాలామంది కొట్టారు. నేను రైలు పట్టాలూ, ఆ పిల్లా, పదకొండేళ్ళ ప్రశ్నా చదివాను. చివరి పేరా దగ్గర కాగితం కిందికి దించాను, ఎందుకంటే అది కాగితం మీద లేదు.

"సన్మానం చేసినవాళ్ళు సన్మానితుడి దగ్గర ఏదో ఒకటి నేర్చుకున్నామని చూపించాలి," అని లోకల్ మెంబర్ వైపు తిరిగాను. "ఇప్పుడు పద్యం చెప్పిన పిల్లలు ఆదివారం చదువుకునే గది మూడో టర్మ్ నుంచి ఉండదన్నారు. ఏడు సోమవారాలు రాశాను, జవాబు రాలేదు. ఆ గది మాదా, కాదా?"

అధ్యక్షుడు తల పట్టుకోవడం నాకు కనిపించింది. లోకల్ మెంబర్ నవ్వు చెదరలేదు. ఆయన మైకు అందుకుని, ఇది చాలా మంచి ప్రశ్న అన్నాడు. బహుభాషా సంస్కృతి తన గుండెకు ఎంతో దగ్గర అన్నాడు. నోట్ చేసుకుంటానన్నాడు. తప్పకుండా చూస్తానన్నాడు. మైకు తిరిగి ఇవ్వబోయాడు.

"ఏ తేదీలోగా?"

మాస్టారు లేవలేదు, మైకు అడగలేదు. ముప్పై నాలుగేళ్ళు వెనక బెంచీ నుంచి మాట్లాడిన గొంతుకు మైకు అక్కరలేదు. హాలు చివర భక్ష్యాల పళ్ళాల దగ్గర నిలబడ్డవాళ్ళు కూడా ఇటు తిరిగారు.

లోకల్ మెంబర్ మళ్ళీ నవ్వాడు, ఈసారి కొంచెం తక్కువ. "వీలైనంత త్వరలో, సర్."

"అది తేదీ కాదు," అన్నారు మాస్టారు.

వెనక నుంచి ఎవరో, నోట్లో భక్ష్యంతోనే, "డేట్ చెప్పండి సార్!" అని అరిచారు. నవ్వులు. ఆ నవ్వులు తగ్గేదాకా ఆగి లోకల్ మెంబర్, "ఏప్రిల్ ముప్పై," అన్నాడు. నేను వేదిక మీదే, ఆయన చూస్తుండగా, పత్రం వెనక రాసుకున్నాను.

భోజనాలప్పుడు వంటగదిలో అధ్యక్షుడు పులిహోర గరిటె పట్టుకునే మొదలుపెట్టాడు.

"మమ్మల్ని బద్నాం చేసిండ్రక్కా. ఇంటికొచ్చిన గెస్టును స్టేజి మీద నిలబెట్టి అడుగుతరా? గిదేనా మన కల్చర్?"

"అతిథి అయితే అడగను. ఆయన మన ఓట్లతో గెలిచినవాడు."

"నేను అడుగుతనన్న గద!"

"అడిగావా?"

"ఇంగ అన్నం గూడ పెట్టలే ఆయనకు!"

"మరి పెట్టు. పులిహోర చల్లారిపోతోంది."

అతను గరిటె కింద పెట్టాడు. "కమిటీల అందరు సీరియస్‌గున్నరు. సెక్రటరీ పోస్టుల ఇంకెవరినన్న చూద్దమంటున్నరు."

"తీసెయ్యండి. తీర్మానం రాసి, తేదీ వేసి, సంతకాలు పెట్టి తీసెయ్యండి. నేను రాజీనామా మాత్రం ఇవ్వను."

ఆ తీర్మానం ఇప్పటిదాకా జరగలేదు. మా కమిటీలో తీర్మానాలు రాసేది కార్యదర్శి ఒక్కరే.

ఏప్రిల్‌లో నేను మళ్ళీ సోమవారం ఈమెయిళ్ళు పంపాను, అదే వాక్యం, ఇప్పుడు లోకల్ మెంబర్ కార్యాలయానికి కూడా. బడి తల్లిదండ్రుల్లో ఒకావిడ, వృద్ధాశ్రమంలో రాత్రి డ్యూటీలు చేసే గుంటూరు అమ్మాయి, "ఆంటీ, నాకు కూడా ఆ లైన్ ఫార్వర్డ్ చెయ్యండి, మండే నేనూ పంపుతా," అంది. తరవాతి సోమవారం తొమ్మిదిమంది పంపారు. ఆ పైవారం పద్ధెనిమిది. అందరిదీ ఒకే వాక్యం. ఒక్క అక్షరం మార్చొద్దని చెప్పాను.

ముప్పయ్యో తేదీ సాయంత్రం అయిదుకు పది నిమిషాలుందనగా హాలు నిర్వాహకుల జవాబు వచ్చింది. ఆదివారం ఉదయం గది డిసెంబరు చివరిదాకా తెలుగు బడికే ఉంటుంది. ఆ తరవాతి సంగతి సమీక్షిస్తారు.

ఆ రాత్రి భోజనాలయ్యేసరికి సంఘం వాట్సాప్‌లో ఫోటో వచ్చింది. అధ్యక్షుడూ లోకల్ మెంబరూ చేతులు కలుపుతున్న ఉగాది నాటి ఫోటో. "మన అధ్యక్షుల నిరంతర కృషితో తెలుగు బడికి గది. హృదయపూర్వక అభినందనలు!" కింద చప్పట్ల బొమ్మలు, లెక్కలేనన్ని.

మా ఆయనకు కోపం వచ్చింది. "నువ్వేం మాట్లాడవేంటోయ్? ఏడుస్తూ కూర్చోక, గ్రూపులో గట్టిగా రాసెయ్యి!" నేను ఏడవడం లేదు. వరండాలో కరివేపాకుకు ఆ ఏడాది మొదటిసారి చీర చుట్టడానికి వెళ్ళాను.

శనివారం ఆ ఫోటో మాస్టారికి చూపించాను. ఆయన ఛాతీలో కఫం పట్టి రెండు వారాలుగా దగ్గుతున్నారు. కూతురు వద్దంటున్నా వచ్చి కూర్చున్నారు. ఫోటో చూసి దగ్గొచ్చేదాకా నవ్వారు.

"మా వంతెనకు ఇత్తడి పలక ఉంది. ప్రారంభించిన మంత్రి పేరు ఉంటుంది దాని మీద. నాకు వేరే పని లేదా అన్నాడు చూశారా, ఆయనే."

"మీకేమీ అనిపించలేదా?"

"అనిపించకపోవడమేమిటి? ప్రారంభం రోజున పలకకు ఎదురుగా నిలబడి ఆయన పేరులో స్పెల్లింగ్ తప్పేమైనా ఉందేమోనని వెతికాను. లేదు. తరవాత బడి వదిలారు. పిల్లలు వంతెన మీద పరుగెత్తుకుంటూ వచ్చారు. పలక దగ్గర ఒక్కడూ ఆగలేదు." మళ్ళీ దగ్గి, నీళ్ళు తాగి, ఆ ఈమెయిల్ ఇంకోసారి చూపించమన్నారు. "డిసెంబరు చివరిదాకా అన్నారు. ఆ తరవాత?"

"సమీక్షిస్తారట."

ఆయన కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు.

జూలైలో మూడో టర్మ్ మొదటి ఆదివారం పొగమంచు ఎంత దట్టంగా ఉందంటే హాలు గుమ్మం కార్ పార్క్ నుంచి కనిపించలేదు. నా తాళంచెవి తలుపుకు పట్టింది. హీటర్ వేశాను, కుర్చీలు సర్దాను, ఎప్పటిలాగే బోర్డు మీద తేదీ తెలుగులో రాశాను. ఇరవై తొమ్మిదిమంది వచ్చారు. అందులో ఒకడు అధ్యక్షుడి కొడుకు. ఇన్నాళ్ళూ ఆదివారం క్రికెట్ అని పంపలేదు. వాడిని దింపడానికి వచ్చిన తండ్రి గుమ్మం దగ్గర నిలబడి, "అక్కా, వీనికి అ ఆలు గూడ రావు. జర చూడుండ్రి," అన్నాడు.

"చూస్తాను. ప్రతి సోమవారం నువ్వు కూడా ఒక లైన్ పంపాలి. ఫార్వర్డ్ చేస్తాను."

"మళ్ళ ఎందుకక్కా? రూమ్ వచ్చింది గద!"

"డిసెంబరుదాకా."

అతను పిల్లాణ్ణి చూశాడు, బోర్డు మీద తేదీ చూశాడు, "పంపుండ్రి," అన్నాడు.

మరుసటి పొద్దుట, ఆఫీసుకు వెళ్ళే లైట్ రైల్‌లో కూర్చుని, కొత్త ప్రశ్న పంపాను. జనవరి నుంచి ఆదివారం ఉదయం ఆ గది తెలుగు బడిదా, కాదా, ఏ తేదీలోగా చెబుతారు? పంపేముందు ఒకసారి చదువుకున్నాను. ప్రశ్న ఒక్కటే ఉంది. కృతజ్ఞతలు ఎక్కడా లేవు.